మౌనం పూర్ణాంగీకారం: ఒక లినక్స్ కరదీపికను రెండుసార్లు రాసిన కేసు

పుస్తకం పట్టుకుని కూర్చున్న మొదటి పాఠకురాలు తొమ్మిదో నిమిషంలో ఆగిపోయింది. ఆవిడ ఆగిన చోట నేను రాసింది ఒకే ఒక్క వాక్యం: "పాస్‌వర్డ్ టైప్ చేసి ఎంటర్ నొక్కండి." అందులో తప్పేమీ లేదు. పదహారేళ్ళుగా ఇలాంటి వాక్యాలు రాసే నేను బతుకుతున్నాను. అయినా ఆవిడ ఆగింది, అటూ ఇటూ చూసింది, చివరికి పక్క కంప్యూటర్ కీబోర్డు పీకి తెచ్చుకుని తన దానికి తగిలించింది.

ఆ వాక్యంలో తక్కువైంది సరిచెయ్యడానికి నాకు నాలుగు నెలలు పట్టింది. పుస్తకం మొత్తం మళ్ళీ రాశాను. ఆ వివరాలన్నీ ఇక్కడ పెడుతున్నాను. తెలుగులో కంప్యూటర్ గురించి కొత్తవాళ్ళకి రాసేవాళ్ళు ఇప్పుడు చాలామందే ఉన్నారు. నేను పడిన గోతిలోనే వాళ్ళూ పడనక్కర్లేదు.

ముందు నా సంగతి. హైదరాబాద్‌లో ఒక సాఫ్ట్‌వేర్ కంపెనీలో టెక్నికల్ రైటర్‌ని. కంపెనీ చేసే సరుకుని ఎలా వాడాలో ఇంగ్లీషులో రాయడం నా పని. ఈ ఉద్యోగం ఏమిటో మా ఇంట్లో ఇప్పటికీ ఎవరికీ సరిగ్గా తెలీదు. "మావాడు కంప్యూటర్‌కి గైడ్లు రాస్తాడు" అని మా అమ్మ చెబుతుంది, టెన్త్ క్లాస్ గైడ్లలాగా. ఆలోచిస్తే ఆవిడ చెప్పిందే కరెక్టు.

అడిగిన పని

పల్నాడు జిల్లాలో ఒక మండల కేంద్రంలో శాఖా గ్రంథాలయం ఉంది. ఆ ఊరి నుంచి వెళ్ళి అమెరికాలో స్థిరపడిన ఒకాయన చాలా ఏళ్ళ కిందట దానికి 8 కంప్యూటర్లు ఇప్పించారు. మూడో తరం ఐ3 ప్రాసెసర్, 4 జీబీ ర్యామ్, 500 జీబీ హార్డ్ డిస్క్. అన్నిటిలో విండోస్ 7. దానికి మైక్రోసాఫ్ట్ అప్‌డేట్లు 2020 జనవరి 14తో ఆగిపోయాయి. పెన్‌డ్రైవ్ పెడితే చాలు, ఫోల్డర్లన్నీ షార్ట్‌కట్‌లుగా మారిపోయే ఆ పాత వైరస్ అక్కడ ఇంటి పిల్లిలా తిరుగుతోంది. విండోస్ 10 వేద్దామంటే దానికీ 2025 అక్టోబర్ 14తో గడువు పెట్టేశారు. విండోస్ 11కి టీపీఎం 2.0 అనే భద్రతా చిప్ ఉండాలి, ఇంటెల్ అయితే దాదాపు ఎనిమిదో తరం ప్రాసెసర్ నుంచే ఒప్పుకుంటుంది. ఈ మెషీన్లు దాని గుమ్మం కూడా తొక్కలేవు.

2024 చివర్లో ఆ ఊరివాడైన నా మిత్రుడు అడిగితే జుబుంటు 24.04 వేద్దామన్నాను. విండోస్ బదులు వాడుకోగలిగే లినక్స్ అనే ఆపరేటింగ్ సిస్టమ్ (కంప్యూటర్‌ని నడిపే మూల సాఫ్ట్‌వేర్) రకాల్లో ఉబుంటు ఒకటి. ఆ కుటుంబంలో ఇది బరువు తక్కువది, 2027 ఏప్రిల్ దాకా అప్‌డేట్లు వస్తాయి, తెలుగు బాగానే చూపిస్తుంది. వెయ్యడం ఒక ఆదివారం పని. ఆ తర్వాత నేను హైదరాబాద్‌లో ఉంటాను, మెషీన్లు అక్కడ ఉంటాయి. అందుకని ఒక పుస్తకం కావాలన్నారు. ఇన్‌స్టాల్ చెయ్యడం మొదలుకుని తెలుగు టైపింగ్ పెట్టుకోవడం, ప్రింటు తియ్యడం, పెన్‌డ్రైవ్‌లోకి కాపీ చెయ్యడం దాకా అన్నీ తెలుగులో.

అక్కడికి వచ్చేవాళ్ళు కంప్యూటర్ ముందు చేసే పనులు వేళ్ళ మీద లెక్కపెట్టచ్చు. హాల్ టికెట్ డౌన్‌లోడ్, ఆన్‌లైన్ దరఖాస్తు, ఫొటో సైజు తగ్గించడం, ప్రింటు, పెన్‌డ్రైవ్. ఆపరేటింగ్ సిస్టమ్ కోసం ఎవరూ రారు. హాల్ టికెట్ కోసం వస్తారు. ఈ ముక్క నాకు తెలిసి కూడా మొదటి అధ్యాయం "ఆపరేటింగ్ సిస్టమ్ అంటే ఏమిటి" అని పెట్టాను. దాని గుండెకాయ లాంటి కర్నల్‌ని పెళ్ళింట్లో వంటమేస్త్రీతో పోల్చి రెండు పేజీలు రాశాను. పొయ్యిలు ఎన్ని, ఎవరికి ఎప్పుడు ఏ పొయ్యి ఇవ్వాలి, అడుగు మాడకుండా ఎవరు చూసుకుంటారు, ఇలా. రాస్తున్నప్పుడు భలే ముచ్చటేసింది. చదివిన ఐదుగురిలో ఒక్కరు కూడా దాని గురించి మంచీ చెడ్డా అనలేదు. పేజీ తిప్పేశారంతే.

రెండో పొరపాటు మాటల్లో. ఫైలుకి "దస్త్రం", ఫోల్డరుకి "సంచయం" అని రాశాను. డెస్క్‌టాప్‌ను తెలుగు చేసినవాళ్ళు ఏళ్ళ తరబడి కష్టపడి స్థిరపరిచిన మాటలవి, వాటి మీద నాకు గౌరవం ఉంది. కానీ అక్కడి తెర ఇంగ్లీషులో ఉంది. పుస్తకంలో "సంచయం" చదివి తెర మీద "ఫోల్డర్" వెతుక్కోవడం రెండు పనులు. గ్రంథాలయం అటెండరు మేడమ్ అయితే బయటికే చదివి, "సంచి ఏంటండీ?" అన్నారు. పైగా దస్త్రం మాత్రం అచ్చ తెలుగా ఏమన్నానా, అదీ పారసీ నుంచి వచ్చిందే. ఫైలు కూడా అలాగే వచ్చి కూర్చుంది.

ఆ ఆదివారం

పుస్తకం ప్రింటవుట్లు పట్టుకుని వెళ్ళాను. ఐదుగురు కూర్చున్నారు: అటెండరు మేడమ్, రిటైరైన లెక్కల మాస్టారు, డిగ్రీ చదివే అమ్మాయిలు ఇద్దరు, పక్కనే జిరాక్స్ షాపు నడిపే కుర్రాడు. షరతు ఒక్కటే పెట్టాను. వాళ్ళు పుస్తకం చూసి చెయ్యాలి, నేను వెనక కుర్చీలో కూర్చుంటాను, ఏమడిగినా చెప్పను. మా వృత్తిలో ఇది మామూలు పరీక్షే. ఆఫీసులో అద్దం వెనక కూర్చుని చేస్తాం. ఇక్కడ అద్దం లేదు, కాబట్టి చాలా కష్టమైంది. మన ఊళ్ళలో ఎవరైనా ఇబ్బంది పడుతుంటే చూస్తూ ఊరుకోవడం పెంపకంలోనే లేదు.

మేడమ్‌కి వచ్చిన అధ్యాయం తెలుగు టైపింగ్. దానికి ఐబస్ ఎం17ఎన్ అనే ప్యాకేజీ వెయ్యాలి. బొమ్మలతో ఆరు మెట్లు అవుతుంది, ఆదేశాలు టైప్ చేసే టెర్మినల్ అనే కిటికీలో అయితే ఒక్క లైను. నేను ఒక్క లైనే ఇచ్చాను, పేజీలు కలిసొస్తాయని. ఆవిడ ఒక్కో అక్షరం వెతుక్కుంటూ ఆ లైను కొట్టేసరికి నాలుగు నిమిషాలైంది. ఒక్క తప్పు లేదు. ఎంటర్ నొక్కారు. పాస్‌వర్డ్ అడిగింది.

ఆవిడ మొదటి అక్షరం నొక్కారు. తెర మీద ఏమీ రాలేదు. మళ్ళీ నొక్కారు. ఏమీ రాలేదు. ఈసారి గట్టిగా, బొటనవేలితో. క్యాప్స్ లాక్ లైటు వెలుగుతోందా అని వంగి చూశారు. కీబోర్డుని బల్లకేసి మెల్లగా ఒకసారి తట్టారు. ఎంటర్ కొట్టారు. "సారీ, ట్రై అగైన్" అని ఇంగ్లీషులో వచ్చింది. అప్పుడు లేచి పక్క కంప్యూటర్ కీబోర్డు పీకి తెచ్చారు. దానికీ అంతే. నా వైపు తిరిగి చెప్పిన మాటలు నోట్‌బుక్‌లో అలాగే రాసుకున్నాను:

"సార్, కీబోర్డు పోయిందండి. నేనేం చెయ్యలేదండి."

మొదటి వాక్యం వినగానే ఎలా సరిచెయ్యాలో తెలిసిపోయింది. రెండోది మాత్రం రాత్రి బస్సులో కూడా వదల్లేదు. కంప్యూటర్లు స్టాక్ రిజిస్టర్‌లో ఉంటాయి. ఏదైనా పోతే తన జీతంలోంచి రికవరీ పెడతారని ఆవిడ భయం. అలా ఎవరైనా నిజంగా పెడతారో లేదో వేరే సంగతి. ఆవిడ నా పుస్తకం ముందు కూర్చున్నప్పుడల్లా ఆ భయం కూడా పక్కనే కూర్చుంటుంది.

షరతు తప్పి చెప్పేశాను. "పోలేదమ్మా, అక్షరాలు పడుతున్నాయి, కనపడవంతే." ఆవిడ నమ్మలేదు. కొట్టించి చూపిస్తే అప్పుడు నమ్మారు.

మాస్టారిది ఇంకో కథ. ఫైర్‌ఫాక్స్ బొమ్మ మీద నొక్కారు. జుబుంటు 24.04లో ఫైర్‌ఫాక్స్ స్నాప్ అనే పద్ధతిలో వస్తుంది. మెషీన్ వేసిన తర్వాత మొదటిసారి తెరుచుకోవడానికి చాలా సేపు తీసుకుంటుంది, అందులోనూ పాత హార్డ్ డిస్క్ మీద. నా గడియారంలో 22 సెకన్లు. ఆ 22 సెకన్లలో తెర మీద ఏ కదలికా లేదు. మాస్టారు ఆగలేదు, ఇంకో నాలుగుసార్లు నొక్కారు. కాసేపటికి కిటికీలు వరసగా ఐదు తెరుచుకున్నాయి. ఆయన కళ్ళజోడు తీసి, "అడిగినప్పుడు ఒక్కటీ ఇవ్వడు, వద్దన్నాక ఐదిస్తాడు, ఇదేం లెక్కయ్యా" అన్నారు.

డిగ్రీ అమ్మాయిల్లో ఒకరు తన 64 జీబీ పెన్‌డ్రైవ్‌లోకి క్లాసు వీడియోలు కాపీ చేసింది. పచ్చ గీత చివరిదాకా వెళ్ళి మాయమైంది. అయిపోయిందనుకుని పీకేసింది. పక్క కంప్యూటర్‌లో పెడితే చివరి వీడియో తెరుచుకోలేదు. నిజానికి లినక్స్ కాపీ చేస్తున్న సరుకు మొత్తాన్ని వెంటనే పెన్‌డ్రైవ్‌లో రాయదు. కొంత ర్యామ్‌లోనే ఉంచుకుని నెమ్మదిగా రాస్తుంది. మామూలు సెట్టింగుల్లో అందుబాటులో ఉన్న మెమరీలో ఐదో వంతు దాకా ఇలా అట్టే పెట్టుకోగలదు. గీత అయిపోయిందంటే ర్యామ్‌కి చేరిందని. పెన్‌డ్రైవ్‌కి చేరిందని మాత్రం చెప్పలేం. ఆ అమ్మాయి ఇంట్లో విండోస్ 10 వాడుతుంది. విండోస్ 10లో 1809 వెర్షన్ నుంచి, పీకేసినా ఫరవాలేదన్నట్టు ఉండే క్విక్ రిమూవల్ పద్ధతే ముందుగా పెట్టి ఉంటుంది. ఏళ్ళుగా పీకేస్తూనే ఉంది, ఏళ్ళుగా ఏమీ కాలేదు. ఇక్కడ అయింది. తప్పు ఆ అమ్మాయిదని ఎలా అంటాం?

నా పుస్తకం ఆ అధ్యాయంలో ఏం చెప్పిందంటే, "కాపీ పూర్తయ్యాక పెన్‌డ్రైవ్‌ను సురక్షితంగా తొలగించండి." సురక్షితంగా అట!

నోట్‌బుక్‌లో తేలింది

ఇంటికొచ్చి లెక్క వేశాను. రెండున్నర గంటల్లో ఐదుగురూ కలిసి 23 చోట్ల ఆగారు. నేను కష్టమనుకుని జాగ్రత్తగా విడమరిచి రాసినవి ఉన్నాయి: డిస్క్‌లో భాగాలు, యూజర్ అనుమతులు, సీ డ్రైవ్ డీ డ్రైవ్ బదులు ఒకే చెట్టులా ఉండే ఫోల్డర్లు. అక్కడ ఆగింది నాలుగుసార్లే. ఐదుసార్లు నా మాటల వల్ల: సంచయం లాంటివి, ఇంకా "రూట్" అని రాస్తే మాస్టారు బస్సు రూటనుకోవడం. మిగిలిన 14 చోట్ల కారణం ఒక్కటే. మనిషి తన పని సరిగ్గా చేశాడు, కంప్యూటర్ కూడా తన పని సరిగ్గా చేసింది, కానీ ఆ మాట చెప్పలేదు.

నేను తెర మీద కనపడే ప్రతిదాని గురించీ రాశాను, స్క్రీన్‌షాట్లు 50కి పైనే పెట్టాను. ఏమీ కనపడని క్షణానికి స్క్రీన్‌షాట్ తియ్యం కదా, అందుకే పుస్తకంలో దానికి చోటు దొరకలేదు.

ఈ మౌనం పొరపాటున వచ్చింది కాదు, దానికి వంశవృక్షం ఉంది. లినస్ టోర్వాల్డ్స్ 1991లో హెల్సింకిలో చదువుకుంటూ లినక్స్ మొదలుపెట్టినప్పుడు యూనిక్స్ నడవడికనే తెచ్చుకున్నాడు. యూనిక్స్‌ని 1969లో అమెరికాలోని బెల్ ల్యాబ్స్‌లో కెన్ థాంప్సన్, డెనిస్ రిచీ మొదలుపెట్టారు. అప్పుడు వాళ్ళ ముందు తెర లేదు. టెలిటైప్ అనే యంత్రం ఉండేది, టైప్‌రైటర్‌లా కాగితం చుట్ట మీద అచ్చు కొట్టేది. మోడల్ 33 అయితే సెకనుకి పది అక్షరాలు. "మీ ఫైలు విజయవంతంగా కాపీ అయింది" లాంటి వాక్యం కొట్టించాలంటే మూడు సెకన్లు, బోలెడు చప్పుడు, కొంత కాగితం. అలాంటి యంత్రం ముందు కూర్చున్నవాళ్ళు కాపీ అనే మాటని కూడా రెండక్షరాలకి కుదించుకున్నారంటే ఆశ్చర్యం లేదు. 1973లో పైపులు వచ్చాయి. ఒక ప్రోగ్రామ్ చెప్పింది ఇంకో ప్రోగ్రామ్‌కి నేరుగా అందుతుంది. అప్పుడిక మధ్యలో "అయింది, అయింది" అంటూ కబుర్లు చెబితే అవతలి ప్రోగ్రామ్ దాన్ని కూడా సరుకే అనుకుంటుంది. చెప్పాల్సింది లేకపోతే నోరు మూసుకోవడం ఆ ఊళ్ళో మర్యాదగా స్థిరపడింది.

పాస్‌వర్డ్ కనపడకపోవడం కూడా ఈ కాగితం రోజులతో కలిపి చూస్తే సులభంగా అర్థమవుతుంది. కొట్టిన ప్రతి అక్షరం కాగితం మీద పడిపోతుంటే పాస్‌వర్డ్ కూడా పడిపోతుంది, చెత్తబుట్టలోంచి ఎవరైనా ఏరుకోవచ్చు. చుక్కలు వేసినా ఎన్ని అక్షరాలో తెలిసిపోతుంది.

మనకి "మౌనం అర్ధాంగీకారం" అని సామెత. ఈ సిస్టమ్‌లో మౌనం పూర్ణాంగీకారం. కానీ అది మన తప్పుని కూడా అంతే నిండుగా అంగీకరిస్తుంది, అదీ చిక్కు. టెర్మినల్‌లో ఒక ఫైలుని అదే పేరున్న ఇంకో ఫైలు మీదికి కాపీ చేస్తే మామూలుగా అడగదు, పాతది పోతుంది, తెర మాత్రం ప్రశాంతంగా ఉంటుంది. కాబట్టి "ఏమీ రాకపోతే అంతా బాగున్నట్టే" అని పుస్తకం మొదట్లో ఒక్క సూత్రం రాసి చేతులు దులుపుకోవడం కుదరదు. ముందు అలాగే రాద్దామనుకున్నాను. ఎక్కడ మౌనం మంచిదో, ఎక్కడ కాదో చోటు చోటుకీ చెప్పాల్సిందే.

రెండో కూర్పు

వంటమేస్త్రీని తీసేశాను. మనసొప్పక ఆయన్ని మూడు డ్రాఫ్టుల దాకా మోశాను. మాటల విషయంలో తెర మీద ఏముందో అదే తెలుగు లిపిలో రాశాను: ఫైలు, ఫోల్డర్, ఎజెక్ట్. టెర్మినల్ ఒక్క అధ్యాయానికే పరిమితం. ఫైళ్ళు కాపీ చెయ్యడం, పేరు మార్చడం లాంటివన్నీ ఫైల్ మేనేజర్‌లోనే. పాత ఫైలు మీద కొత్తది పడబోతుంటే అది ఆగి అడుగుతుంది. 84 పేజీలు 61 అయ్యాయి.

అసలు పని వేరే. ప్రతి మెట్టు కింద "ఇప్పుడు తెర మీద" అని ఒక లైను చేర్చాను. ఏదైనా కనపడితే ఏం కనపడుతుందో. కనపడకపోతే, "ఇక్కడ కంప్యూటర్ ఏమీ చెప్పదు", దాని కింద ఏం చెయ్యాలో. మౌనం ఉన్న చోట్లన్నీ కనిపెట్టడానికి పుస్తకంలోని ప్రతి మెట్టూ నేనే చేశాను, చేతిలో స్టాప్‌వాచ్ పెట్టుకుని, ఆ ఊరి మెషీన్ లాంటిదే సెకండ్ హ్యాండ్‌లో కొని. నా ల్యాప్‌టాప్ మీద చేస్తే ఫైర్‌ఫాక్స్ 22 సెకన్లు తీసుకోదు. మొదటి కూర్పు మొత్తం నేను ఆ ల్యాప్‌టాప్ మీదే రాశాను, సగం తెగులు అక్కడే.

పాస్‌వర్డ్ మెట్టు ఇలా మారింది:

"పాస్‌వర్డ్ అడుగుతుంది. కొట్టండి. ఇక్కడ కంప్యూటర్ ఏమీ చెప్పదు: అక్షరాలు కనపడవు, చుక్కలు కూడా రావు. కీబోర్డు బాగానే ఉంది. తప్పు కొట్టాననిపిస్తే ఎంటర్ నొక్కండి, మళ్ళీ అడుగుతుంది. మూడుసార్లు తప్పు కొడితే ఆ లైను ఆగిపోతుంది. ఏదీ పాడవదు. మళ్ళీ మొదటి నుంచి చెయ్యచ్చు."

చుక్కలు వచ్చేలా సెట్టింగు మార్చచ్చు కదా అని నా మిత్రుడు అడిగాడు. మార్చచ్చు, ఒక్క లైను చేరిస్తే నక్షత్రాలు కనపడతాయి. బాగా ఆలోచించి మార్చలేదు. ఈ పుస్తకం చూసి నేర్చుకున్న అమ్మాయి రేపు కాలేజీ ల్యాబ్‌లో ఇంకో లినక్స్ ముందు కూర్చుంటుంది. అక్కడ చుక్కలు రాకపోతే కీబోర్డు పోయిందనుకుంటుంది. ఇది తప్పుడు నిర్ణయమని వాదించేవాళ్ళున్నారు, వాళ్ళ వాదనలోనూ పస ఉంది.

"కొద్దిసేపు వేచి ఉండండి" అనే మాట పుస్తకంలో ఏడు చోట్ల ఉంది. ఏడూ కొట్టేశాను. ఫైర్‌ఫాక్స్ దగ్గర, "ఒక్కసారే నొక్కండి. 30 దాకా లెక్కపెట్టండి. అప్పటికీ రాకపోతే మళ్ళీ నొక్కండి. ఈ ఆలస్యం మొదటిసారికే" అని పెట్టాను. పెన్‌డ్రైవ్ దగ్గర, ఎజెక్ట్ నొక్కితే ఇంకా రాస్తున్నాను, తియ్యకండి అనే అర్థం వచ్చే కబురు మూలన చిన్న పెట్టెలో వస్తుందనీ, తియ్యచ్చు అని రెండో పెట్టె వచ్చేదాకా చెయ్యి వెయ్యద్దనీ రాశాను. ఆ రెండు పెట్టెల బొమ్మలు పక్కపక్కన పెద్దగా వేశాను. మొదటి కూర్పులో అవి లేనే లేవు, ఎందుకంటే నేను స్క్రీన్‌షాట్ కోసం కాపీ చేసింది చిన్న ఫైలు. పెట్టె వచ్చి పోయింది కూడా నాకు తెలీలేదు.

హెచ్చరికల సంగతి. మొదటి కూర్పులో "జాగ్రత్త!" అని ఎర్ర పెట్టెలు 12 ఉన్నాయి. భయంతో ఉన్న మనిషికి 12 ఎర్ర పెట్టెలు చూపిస్తే పుస్తకం మూసేస్తాడు, లేదా అన్నిటినీ ఒకేలా దాటేస్తాడు. నిజంగా వెనక్కి తీసుకోలేని మెట్టు పుస్తకం మొత్తంలో ఒక్కటే: ఇన్‌స్టాల్ చేసేటప్పుడు డిస్క్ మొత్తం తుడిచేసి వెయ్యమని ఎంచుకునే తెర. ఎర్ర పెట్టె దానికి ఒక్కదానికే ఉంచాను. మిగతా చోట్ల అవసరమైతే "ఇది చేస్తే ఏదీ పోదు" అని రాశాను. మేడమ్ అన్న రెండో వాక్యానికి నేనివ్వగలిగిన జవాబు అదే.

మౌనం కాకుండా ఇంకోటి

రెండో పరీక్షకి ఇంకో ఊళ్ళో ఆరుగురిని కూర్చోబెట్టాం. ఆగిన చోట్లు 23 నుంచి 8కి తగ్గాయి. మనుషులు వేరు, సంఖ్య వేరు కాబట్టి ఇది శాస్త్రీయమైన పోలిక అనను. కీబోర్డు మాత్రం ఎవరూ పీకలేదు.

ఆ 8లో ఒకటి నేను కలలో కూడా అనుకోనిది. ఒకాయన పెన్‌డ్రైవ్‌లో ఒక పీడీఎఫ్ తెచ్చాడు. దాని పేరు: "ఈ విద్యా సంవత్సరం ఉపకార వేతనాల కోసం దరఖాస్తు చేసుకున్న విద్యార్థుల బ్యాంకు ఖాతా వివరాల జాబితా". హార్డ్ డిస్క్‌లోకి కాపీ చేద్దామంటే ఫైల్ పేరు మరీ పొడుగైందని ఇంగ్లీషులో చెప్పి మొరాయించింది. విండోస్‌లో రోజూ తెరిచే ఫైలే. ఈసారి కంప్యూటర్ నోరు విప్పింది, కానీ అర్థమయ్యేలా చెప్పలేదు. ఆయన ప్రశ్న న్యాయమైనదే: "నా కంటికి ఒకటిన్నర లైను కూడా లేదు, దీనికి పొడుగేమిటండీ?"

పొడుగు అక్షరాల్లో కొలవదు, బైట్లలో కొలుస్తుంది. ఇక్కడ వాడే ఈఎక్స్‌టీ4 అనే డిస్క్ పద్ధతిలో ఫైల్ పేరుకి 255 బైట్లే హద్దు. ఇంగ్లీషు అక్షరం ఒక బైటు. అన్ని భాషల లిపులకీ ఉమ్మడి సంకేతాల పద్ధతి అయిన యూనికోడ్‌లో తెలుగు సంకేతం ఒక్కొక్కటీ మూడు బైట్లు, పైగా గుణింతం, పొల్లు, సున్నా అన్నీ విడివిడి సంకేతాలే. "స్త్రీ" మన కంటికి ఒక్క అక్షరం. లోపల స, పొల్లు, త, పొల్లు, ర, గుడిదీర్ఘం: ఆరు సంకేతాలు, 18 బైట్లు. ఆయన ఫైల్ పేరులో తెలుగు సంకేతాలు 81, అంటే 243 బైట్లు. మాటల మధ్య ఖాళీలు 12. మొత్తం సరిగ్గా 255, గీత మీద నిలబడింది. చివర చుక్కతో కలిపి పీడీఎఫ్ అనే తోకకి ఇంకో నాలుగు, 259. ఆ నాలుగు బైట్ల దగ్గర పడిపోయింది. విండోస్ వాడే ఎన్‌టీఎఫ్ఎస్ అనే డిస్క్ పద్ధతి ఇదే 255 హద్దుని వేరే రకంగా కొలుస్తుంది కాబట్టి అక్కడ ఈ పేరు వందలోపే.

ఇదంతా పుస్తకంలో పెట్టాలని చెయ్యి దురదపెట్టింది. వంటమేస్త్రీ గుర్తొచ్చాడు. చివరికి రాసింది రెండు లైన్లు: "తెలుగులో ఫైల్ పేరు ఏడెనిమిది మాటలు దాటనివ్వకండి. దాటితే కాపీ అవ్వకపోవచ్చు. పేరు తగ్గించి మళ్ళీ చెయ్యండి, లోపలి విషయం మారదు." ఆయన పేరులోంచి "జాబితా" తీసేశాడు, వెళ్ళిపోయింది.

కుదరనివి కూడా ఉన్నాయి. వేలిముద్ర తీసుకునే పరికరం ఒకటి గ్రంథాలయంలో ఉంది, దాని సాఫ్ట్‌వేర్ మా చేతికి విండోస్‌కే దొరికింది. అందుకే 8లో ఒక మెషీన్‌ని విండోస్‌తోనే వదిలేశాం, దాన్ని ఇంటర్నెట్‌కి మిగతా పనులకి వాడద్దని కాగితం అంటించి. డీటీపీ చేసేవాళ్ళు తెచ్చే అను ఫాంట్ల ఫైళ్ళు తెరిస్తే ఇంగ్లీషు అక్షరాల కిచిడీ కనపడుతుంది, ఎందుకంటే అవి యూనికోడ్ కావు. దానికి పుస్తకంలో జవాబు లేదు, పీడీఎఫ్ చేసి తెమ్మనడం తప్ప. ప్రింటర్ అధ్యాయం ఇప్పటికీ నాకు నచ్చలేదు. ప్రింటర్ మోడల్ మారితే అధ్యాయం మొత్తం మారుతుంది, ఆ ఊళ్ళో ఉన్నదానికి మాత్రం పనిచేస్తోంది.

పోయిన నెల మళ్ళీ వెళ్ళాను, అప్‌డేట్లు చూడటానికి. పుస్తకం అట్ట చిరిగి సెల్లో టేపు పడింది. తొమ్మిదో పేజీ మీద ఎవరో టీ గ్లాసు పెట్టారు. మేడమ్ లేరు, సెలవు. మెషీన్లన్నిటికీ మానిటర్ కింద అంచున తెల్లకాగితం పట్టీ ఒకటి అంటించి ఉంది, స్కెచ్ పెన్నుతో, గుండ్రటి దస్తూరీలో:

"పాస్‌వర్డు పడుతుంది. కనపడదు. కీబోర్డు పీకవద్దు."

నేను ఎనిమిది వాక్యాల్లో చెప్పింది ఆవిడ మూడు ముక్కల్లో చెప్పారు. ఫొటో తీసుకున్నాను. మూడో కూర్పులో ఆ మెట్టు దగ్గర నా పేరా తీసేసి ఆ పట్టీ బొమ్మే వేస్తున్నాను, ఆవిడ ఒప్పుకున్నారు. ఒక్కటే అడిగారు, "పీకవద్దు" బదులు "పీకకండి" అని మార్చమని. పట్టీ రాసిన రోజు ఎవరి మీదో కోపంగా ఉన్నారట.